తాటిచెట్టు లేని పటాలు



బల్ల మీద ఆడే ఆటల్లో ఈ మధ్య మన నెల్లూరు జిల్లా పిల్లల దాకా వచ్చిన ఆట ఒకటుంది. చెన్నైలోనో బెంగళూరులోనో చదువుకునేవాళ్ళు సెలవులకు బిట్రగుంట స్టేషన్లో దిగి బోగోలు వైపు ఇళ్ళకు వచ్చేటప్పుడు దాన్ని కూడా సంచిలో వేసుకొస్తున్నారు. నలుగురైదుగురు కూర్చుంటారు. ఒకరు సూత్రధారి. మిగిలినవాళ్ళలో ఒకడు వీరుడు, ఒకతె మంత్రగత్తె, ఇంకొకడు దొంగ. సూత్రధారి కథ ఎత్తుకుంటాడు. “మీరు కొండ దిగారు. ఎదురుగా నది. అవతల పాడుబడిన కోట. ఏం చేస్తారు?” ఎవరేం చేస్తారో వాళ్ళు చెబుతారు, పాచికలు వేస్తారు, పడిన పందేన్ని బట్టి కథ నడుస్తుంది. అమెరికాలో 1974లో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అనే ఇద్దరు ‘డంజన్స్ అండ్ డ్రాగన్స్’ పేరుతో అచ్చు వేసిన ఆట ఇది. దాని వెనకాలే ఇలాంటి ఆటలు కొల్లలుగా వచ్చాయి.

దీనికి పాచికలు కావాలి, నోరు కావాలి, పటం కావాలి. పాచికలు కొనుక్కోవచ్చు. నోరు మనవాళ్ళు అరువు తెచ్చుకోవలసిన వస్తువు కాదు. చిక్కంతా పటం దగ్గరే. లేని దేశానికి కొండలు, నదులు, ఊళ్ళు, దారులు గీసి చూపించాలి. అది కాక, కోట లోపల పోట్లాట జరిగితే గదుల పటం వేరే కావాలి. అందులో అంగుళానికి ఒక గడి, గడికి అయిదడుగులని లెక్క. బొమ్మ వేయడం చేతనైనవాడు వేసుకుంటాడు. చేతకానివాడు ఫోను తీస్తాడు.

ఫోనులో వెతికితే పటాలు గుట్టలుగా వస్తాయి. మా వీధి కుర్రాడొకడు అలా దింపుకున్న బొమ్మల్ని అతికించి పటం తయారుచేసుకుంటూ ఉంటే, ఇవి ఎవరివిరా అని అడిగాను. “గూగుల్లో వచ్చినాయి గదన్నా, ఊరికే వచ్చినయి వాడుకుంటే ఏమవుద్ది?” అన్నాడు. ఇంట్లో నలుగురు ఆడుకుని మడిచి పెట్టుకుంటే నిజంగానే ఏమీ కాదు. సొంత వాడకానికి మన చట్టమే కొంత వెసులుబాటు ఇచ్చింది. కానీ ఈ పిల్లలు అక్కడ ఆగరు. పటం బాగా వచ్చిందంటే నెట్లో పెడతారు, యూట్యూబులో చూపిస్తారు, కథతో కలిపి చిన్న పుస్తకంగా చేసి యాభై రూపాయలకు అమ్ముదామంటారు. అది మంచి ఉత్సాహమే. ఆ రోజున ఆ కొండ ఎవరిది, ఆ చెట్టు ఎవరు గీశారు అన్న ప్రశ్న వస్తుంది. అందుకే ఆ ప్రశ్న మొదటి రోజే అడగాలంటాను. ఉచితంగా దొరికేది బోలెడుంది. ఎవరిచ్చారో, ఏ షరతు మీద ఇచ్చారో తెలుసుకుని తీసుకోవడమే మనం చేయాల్సింది.

చట్టం సంగతి రెండు మాటల్లో చెబుతాను. మన కాపీరైటు చట్టం 1957 నాటిది. చిత్రకారుడు బతికున్నంత కాలమూ, పోయాక 60 ఏళ్ళూ అతని బొమ్మ మీద హక్కు ఉంటుంది. పోయిన మరుసటి ఏడాది జనవరి 1 నుంచి ఆ 60 లెక్క. మొదట్లో ఇది 50 ఏళ్ళే. రవీంద్రనాథ్ ఠాగూరు 1941లో పోయారు. ఆయన రచనల మీద హక్కు తీరిపోయే వేళకు గడువు 60 ఏళ్ళకు పెంచారు, 1992లో.

ఈ లెక్క పటాలకు పెట్టి చూడండి, తమాషాగా ఉంటుంది. కల్పిత దేశాల పటాలు గీసేవాళ్ళందరికీ దారి చూపింది టోల్కీన్ ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’లో 1954లో వచ్చిన పటం. టోల్కీన్ 1973లో పోయాడు కాబట్టి ఆయన రాసిన కథ 2034 జనవరి 1న మన దేశంలో అందరి సొత్తు అవుతుంది. పటం మాత్రం కాదు. దాన్ని గీసింది ఆయన కొడుకు క్రిస్టఫర్. ఆయన 2020 దాకా ఉన్నాడు. అంటే ఆ పటం కోసం 2081 దాకా ఆగాలి. మన ఇంటి సంగతికొస్తే ‘వపా’గా పేరుపడ్డ వడ్డాది పాపయ్య గారు ఉన్నారు. చందమామ అట్టల మీద ఆయన వేసిన కోటలు, అడవులు, రాక్షసులు చూస్తే ఏ సూత్రధారికైనా చెయ్యి దురద పుడుతుంది. వపా గారు 1992లో పోయారు. 2053 వచ్చేదాకా ఆ బొమ్మలు కత్తిరించి అమ్ముకునే పటంలో పెట్టకూడదు. ఎవరో పాత సంచికల్ని స్కాన్ చేసి ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో ఎక్కించినంత మాత్రాన అవి ఉచితం అయిపోవు. చూసి నేర్చుకోండి, ఎవరూ కాదనరు.

వైకుంఠపాళి సంగతి వేరు. పాములు, నిచ్చెనలు, పైన వైకుంఠం, ఆ ఏర్పాటు ఏనాటిదో, ఎవరూ తమదని అనలేనిది. నిజానికి మన ఇళ్ళలో బల్ల మీద పరుచుకున్న మొదటి కల్పిత లోకపు పటం అదే అనుకుంటాను. అయితే మొన్న బజారులో కొన్న అచ్చుకాగితం మీది బొమ్మ ఈ కాలపు చిత్రకారుడు ఎవరో వేసింది. ఏర్పాటు తీసుకోవచ్చు, ఆ బొమ్మ తీసుకోకూడదు.

సరే, తీసుకోదగ్గవి ఎక్కడున్నాయి? కాలం తీరి అందరివీ అయినవి కొన్ని. గీసినవాళ్ళే పిలిచి ఇచ్చినవి కొన్ని.

కాలం తీరినవాటికి పెద్ద నిధి లండన్‌లోని బ్రిటిష్ లైబ్రరీ. 17, 18, 19 శతాబ్దాల పుస్తకాల్లోంచి పది లక్షలకు పైగా బొమ్మల్ని 2013 డిసెంబరులో ఫ్లికర్‌లో పెట్టేసి, ఎవరైనా ఎలాగైనా వాడుకోండి అన్నారు. అందులో ఏది పటమో ఏది పువ్వో మొదట తెలిసేది కాదు. ఔత్సాహికులు కూర్చుని గుర్తులు పెడుతూ పోతే, 2014 చివరికి 50 వేలకు పైగా పటాలు తేలాయి. అమెరికాలో డేవిడ్ రమ్సే అనే ఆయన జీవితమంతా పోగుచేసిన పాత పటాలు కూడా నెట్లో లక్షకు పైగా ఉన్నాయి. అసలు కాగితాలు స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో ఆయన పేరు మీద 2016లో తెరిచిన కేంద్రానికి చేరుతున్నాయి. ఇక్కడొక మెలిక ఉంది. పటం 300 ఏళ్ళదైనా, ఆయన సైటులో ఉంచిన స్కాన్లకు ఒక షరతు పెట్టారు: పేరు చెప్పాలి, వ్యాపారానికి వాడకూడదు, మార్చి వాడితే మీరూ అదే షరతు మీద ఇవ్వాలి. ఇంట్లో ఆటకు దివ్యంగా పనికొస్తాయి. అమ్మే పుస్తకానికి పనికిరావు. ఒకే పాత పటం రెండు చోట్ల దొరికితే షరతు లేని చోట నుంచి దింపుకోవడం తెలివి.

ఈ పాత పటాల్ని ఎలా వాడుకోవాలో అమెరికాలో కె. ఎం. అలెగ్జాండర్ అనే నవలా రచయిత చేసి చూపించాడు. పారిస్ నగరానికి జాక్ గొంబూస్త్ 1652లో గీసిన పటం ఉంది. అందులో ఇళ్ళు, చర్చీలు, తోటలు వేటికవి చిన్న చిన్న చెక్కుడు బొమ్మలు. అలెగ్జాండర్ వాటిని ఒక్కొక్కటే ఒలిచి, వెనకాల కాగితం రంగు తీసేసి, కంప్యూటర్లో కుంచెగా వాడుకునే వీలు చేసి ఊరికే ఇచ్చేశాడు. పేరు కూడా చెప్పక్కర్లేదన్నాడు. తర్వాత ఇంకా ఎన్నో పటాలకు అదే పని చేశాడు. ఆ కుంచెతో ఒక్క నొక్కు నొక్కితే 17వ శతాబ్దపు ఇల్లు ఒకటి పడుతుంది. నలభై నొక్కులకు ఊరు లేస్తుంది.

అది మీరూ చేయవచ్చు. పాత పటాన్ని దొరికినంత పెద్ద సైజులో దింపుకోండి. చిన్న సైజు దింపితే కొండ మసకబారి బూడిద మరకగా మిగులుతుంది. గింప్ అనే ఉచిత సాఫ్ట్‌వేరులో తెరిచి ఒక్క కొండ చుట్టూ కత్తిరించండి. త్రెషోల్డ్ అనే మీట ఉంటుంది. దాన్ని అటూ ఇటూ జరుపుతుంటే పసుపుపచ్చ కాగితం తెల్లగా, సిరా గీత నల్లగా విడిపోతాయి. ఎక్కడ ఆపాలన్నది కంటికి తెలియాలి. ఒక పక్కకు మరీ జరిపితే సన్నగీతలు మాయమై కొండ బోడిదవుతుంది. రెండో పక్కకు మరీ జరిపితే పురుగు తిన్న చుక్కలు కూడా రాళ్ళయి కూర్చుంటాయి. ఆ తర్వాత తెలుపును పూర్తిగా తీసేసి పీఎన్‌జీగా దాచుకుంటే, ఆ కొండ ఏ రంగు నేల మీదైనా కూర్చుంటుంది. ఇంకా పెద్దదిగా కావాలనుకుంటే ఇంక్‌స్కేప్‌లో గీతబొమ్మగా మార్చుకోండి, గోడంత చేసినా చెదరదు. అచ్చు సంగతి కూడా ముందే చూసుకోవాలి. ఏ4 కాగితం మీద శుభ్రంగా పడాలంటే అడ్డం 2480, నిలువు 3508 చుక్కలు ఉండాలి. గడికి 300 చుక్కలు పెట్టుకుంటే అంగుళం సరిగ్గా వస్తుంది. స్కేలు పెట్టి కొలవకుండా జిరాక్సు షాపుకు పోయి, బొమ్మలు గడుల్లో పట్టక తిట్టుకునేవాళ్ళను చూశాను.

ఇక గీసినవాళ్ళే ఇచ్చినవి. వీటికి క్రియేటివ్ కామన్స్ లైసెన్సులు 2002 నుంచి ఉన్నాయి. అన్నిటికన్నా ధారాళమైనది సీసీ జీరో, అంటే నా హక్కులన్నీ వదిలేసుకున్నాను అని. నెదర్లాండ్స్ నుంచి కెన్నీ అనే సైటు వేల బొమ్మల్ని ఇలా ఇస్తోంది. వాటిలో పటాల కోసమే చేసిన మూట కూడా ఉంది. గేమ్ ఐకాన్స్ అనే సైటులో కత్తి, పడవ, పుర్రె, దివిటీ మొదలుకొని నాలుగు వేలకు పైగా నల్లటి గుర్తులున్నాయి. అమ్ముకోవచ్చు, మార్చుకోవచ్చు, గీసినవారి పేరు మాత్రం చెప్పి తీరాలి. పేరు చెప్పడమంటే పటం మూలన ఒక చిన్న వరుస, అంతే. దానికి కూడా బద్ధకించేవాళ్ళను చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. ఓపెన్ గేమ్ ఆర్ట్ అనే ఇంకో చోట 2009 నుంచి ఎందరో వేసిన బొమ్మలున్నాయి. ఒక్కో బొమ్మకు ఒక్కో షరతు, కాబట్టి బొమ్మ బొమ్మకూ చూసుకోవాలి.

షరతులు కలవని చోట ఒకటుంది, జాగ్రత్త. ‘నువ్వూ ఇదే షరతు మీద ఇవ్వు’ అన్న బొమ్మనూ, ‘అమ్మకూడదు, పైగా నువ్వూ ఇదే షరతు మీద ఇవ్వు’ అన్న బొమ్మనూ ఒకే పటంలో కలిపి గుచ్చితే, ఆ పటాన్ని ఏ షరతు మీదా బయటపెట్టలేరు. ఒకదాని మాట నిలబెడితే రెండోదాని మాట తప్పినట్టవుతుంది. ‘మార్చకూడదు’ అన్నవాటి జోలికి అసలు పోవద్దు. పటానికి కత్తిరించి అతికించడమే పని కదా.

అందుకని పెళ్ళిలో చదివింపుల పుస్తకం రాసినట్టు ఒక జాబితా పెట్టుకోండి. ఎవరిచ్చారు, ఏమిచ్చారు, ఎక్కడ దొరికింది, ఏ షరతు. దింపుకున్న రోజే రాయాలి. ఆర్నెల్ల తర్వాత ‘చెట్టు3 కొత్తది’ అన్న ఫైలు ఎవరిదో బ్రహ్మదేవుడు కూడా చెప్పలేడు.

గీయడం అసలే రానివాళ్ళకు పటం దానంతటదే తయారయ్యే పద్ధతీ ఉంది. అజ్గార్ ఫాంటసీ మ్యాప్ జనరేటర్ తెరిస్తే చాలు, ఖండాలు, నదులు, రాజ్యాలు, సరిహద్దులు క్షణంలో వచ్చేస్తాయి. ఉచితం. ఇంకార్నేట్ లాంటివాటిలో డబ్బు కట్టని ఖాతాతో చేసిన పటం సొంత వాడకానికే, అమ్ముకోవడానికి కాదు. నాకైతే వీటికన్నా ఓపెన్ స్ట్రీట్ మ్యాప్ ఇష్టం. 2004లో మొదలైన ఈ పటాన్ని ప్రపంచమంతా జనమే గీస్తున్నారు. జువ్వలదిన్నె నుంచి దక్షిణంగా ఇసకపల్లి దాకా మన తీరపు గీతను అందులోంచి తీసుకోండి. అద్దంలో చూసినట్టు కుడి ఎడమలు తిప్పండి. సముద్రం పడమటికి పోతుంది. మీ స్నేహితుల్లో ఒక్కడూ తన ఊరిని గుర్తుపట్టడు, కానీ పాయలు, ఇసుక తిన్నెలు అన్నీ నిజంగా నీళ్ళు చేసినట్టే ఉంటాయి. ఊహించి గీసిన తీరానికి ఆ సహజత్వం రాదు. తీరపు గీత ఓపెన్ స్ట్రీట్ మ్యాప్‌దనీ, ఆ సమాచారం ఓపెన్ డేటాబేస్ లైసెన్సు మీద దొరుకుతుందనీ మూలన రాస్తే షరతు తీరిపోతుంది.

పటం మీద పేర్లు తెలుగులో ఉండాలన్నది నా పట్టుదల. దీనికి మనవాళ్ళు చేసిన మేలు పెద్దది. కాలిఫోర్నియాలోని సిలికానాంధ్ర వారు ఎన్నో తెలుగు ఖతులను స్వేచ్ఛా లైసెన్సు మీద విడుదల చేశారు. రామభద్ర, సూరన్న, ధూర్జటి, మండలి, తెనాలి రామకృష్ణ వంటి ఆ ఖతులు గూగుల్ ఫాంట్స్‌లో ఎవరికైనా దొరుకుతాయి, అమ్మే పుస్తకంలోనూ వాడుకోవచ్చు. రాజ్యాల పేర్లకు రామభద్ర లావుగా బాగుంటుంది. నదుల పేర్లకు మండలి లాంటి సన్నది నప్పుతుంది. కొన్ని పటాల సాఫ్ట్‌వేర్లు తెలుగు ఒత్తుల్ని విడగొట్టి పక్కన పడేస్తాయి. పటం అంతా అక్కడ చేసుకుని, పేర్లు చివర్న ఇంక్‌స్కేప్‌లో వేసుకుంటే ఆ తలనొప్పి ఉండదు.

ఇన్ని చెప్పాక అసలు లోటు చెప్పాలి. ఈ ఉచిత మూటలన్నీ తిరగేయండి. దేవదారు చెట్లు వంద రకాలుంటాయి. మంచు కొండలు, రాతి కోటలు, చర్చి శిఖరాలు, గాలిమరలు కోకొల్లలు. తాటిచెట్టు కోసం వెతికితే ఎడారి ఖర్జూరం దొరుకుతుంది. చెరువు కోసం వెతికితే గుండ్రటి సరస్సు దొరుకుతుంది. నెల్లూరు జిల్లా వాడికి చెరువు గుండ్రంగా ఉంటుందని ఎవరు చెప్పగలరు? ఒక పక్క కట్ట లావుగా విల్లులాగా వంగి ఉంటుంది, దానికి తూము, మిగులు నీరు పొర్లే కలుజు. ఎగువ పక్క నీటి అంచు పల్లాన్ని బట్టి వంకరటింకరగా ఎటో పోతుంది. ఆ గుర్తు ఏ మూటలోనూ నాకు కనబడలేదు. మన పిల్లలు తెలుగు పేర్లతో రాజ్యం కడతారు గానీ దాని నేల మాత్రం ఇంగ్లండుదై కూర్చుంటోంది.

పోనీ మన నేలలో కథ లేదా? బోగోలు నుంచి చూడండి. తూర్పున సముద్రం, జాలర్ల పట్టపుపాళేలు, తెప్పలు. ఇసుకలో దొరువులనే నీటిగుంటలు, సరుగుడు తోటలు. బకింగ్‌హాం కాలువ. ఇసకపల్లి ఉప్పు మళ్ళు. ఆపైన వరి కయ్యలు, కొండబిట్రగుంటలో కొండ మీద వేంకటేశ్వరుడి గుడి. ఇంకా పడమటికి పోతే ఉదయగిరి దుర్గం. 1513లో ముట్టడికి దిగిన కృష్ణదేవరాయలంతటివాడికే అది లొంగడానికి ఏడాదికి పైగా పట్టింది. సూత్రధారికి ఇంతకన్నా ఏం కావాలి?

మనవాళ్ళకు ఈ పని కొత్త కూడా కాదు. కాలిన్ మెకంజీ దగ్గర పనిచేసిన కావలి సోదరుల పేరు వినే ఉంటారు. కావలి మన పక్క ఊరే గానీ వాళ్ళకది ఇంటిపేరు, వాళ్ళది ఏలూరు వైపు. మెకంజీ 1815లో భారతదేశానికి మొదటి సర్వేయర్ జనరల్ అయ్యాడు. అంతకుముందు నెల్లూరు, గుంటూరు సీమల్లో కూడా పనిచేశాడు. ఆ సోదరుల్లో ఒకరైన వెంకట రామస్వామి ప్రాచీన దక్కను పటానికి తోడుగా చదువుకోవడానికని ఊళ్ళ మీదా స్థలాల మీదా ఒక ఇంగ్లీషు పుస్తకం రాసి 1828లో కలకత్తాలో అచ్చు వేయించాడు. ఏనాడో పోయిన రాజ్యాల్ని పటం మీద నిలబెట్టి, ఒక్కో ఊరికి కథ చెప్పడమన్నమాట. ఇప్పటి సూత్రధారి చేస్తున్నది అదే పని. ఆ పుస్తకం మీద హక్కులు ఎప్పుడో తీరిపోయాయి.

కాబట్టి గుర్తులు మనమే గీయాలి. కష్టమేమీ కాదు. తెల్లకాగితం మీద నల్ల జెల్ పెన్నుతో, కావలసిన సైజుకు నాలుగింతలు పెద్దదిగా వేయండి. తర్వాత తగ్గిస్తే చేతి వణుకు కనబడదు. తాటిచెట్టుకు నిటారుగా రెండు గీతలు, పైన విసనకర్రలు నాలుగైదు గుండ్రంగా సర్దినట్టు మట్టలు, మెడ కింద ఎండుమట్ట ఒకటి వేలాడాలి. ఆ ఎండుమట్ట వేయకపోతే అది తాటిచెట్టు అనిపించుకోదు. సరుగుడు తోటను అడవిలాగా చెల్లాచెదురుగా వేయకండి, నాటిన సాళ్ళలాగే వరసలుగా వేయాలి. ఉప్పు మడికి సన్నటి గడులు, గట్టు మీద చిన్న చిన్న కుప్పలు. పగటి వెలుగులో ఫోనుతో ఫొటో తీసి, ఇందాక చెప్పిన త్రెషోల్డ్ మీట జరిపితే గుర్తు తయారు. గుడిగోపురం, ధ్వజస్తంభం చూసి వేయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. బహిరంగంగా నిలిచి ఉన్న కట్టడాల్ని, శిల్పాల్ని చూసి బొమ్మ వేసుకోవచ్చని చట్టమే చెబుతోంది.

వేసినవాటిని మీ కంప్యూటర్లోనే దాచుకోకండి. వికీమీడియా కామన్స్‌లో ఖాతా తెరవడం ఉచితం. అక్కడ సీసీ జీరో ఎంచుకుని, ఇది తాటిచెట్టు, నెల్లూరు తీరం అని తెలుగులోనూ ఇంగ్లీషులోనూ రెండు మాటలు రాసి ఎక్కించండి. ఈ సెలవుల్లో ఒక్కొక్కరు ఒక్క గుర్తు చొప్పున ఇచ్చినా చాలు: ఒకరు చెరువుకట్ట, ఒకరు తెప్ప, ఒకరు దొరువు. బోగోలు, అల్లూరు, కావలి వైపు డ్రాయింగు మాస్టర్లు ఈ ప్రసంగం వింటూ ఉంటే, తరగతిలో ఒక పీరియడు దీనికి కేటాయించమని మనవి.